సైరాకాన్ కుడికాలు

సైరాకాన్ రబ్బరుజోళ్లలో కుడిదానికి పక్కన ఎప్పుడూ ఒక చిల్లు ఉంటుంది. కొత్త జత కొన్న రోజే, ఉన్ని కత్తిరించే పెద్ద కత్తెర తీసుకుని బొటనవేలి మొదలు దగ్గర నెలవంకలా తానే కోసుకుంటుంది. అక్కడ ఎముక పక్కకు పొడుచుకొచ్చి ఉల్లిపాయంత బొడిపె అయింది. ఎడమ జోడుకు ఆ అవసరం రాలేదు. ఎందుకు రాలేదని ముప్పై అయిదేళ్లలో ఆమె ఎవర్నీ అడగలేదు. ఆమెనూ ఎవరూ అడగలేదు.

మా ఊరి ఆడవాళ్లు ఏటా వేసవి చివర ఉన్నిచాపలు తొక్కుతారు. గుడారాల మీద కప్పేదీ, ఇంట్లో కింద పరిచేదీ అదే. అది నేత పని కాదు. గొర్రెపిల్లల ఉన్నిని కర్రలతో బాది, రెల్లుచాప మీద పరిచి, సలసల కాగే నీళ్లు చల్లి, చాపతో సహా చుట్టేస్తారు. రెండు నిలువుల పొడుగుండే ఆ చుట్టకు తాడు కట్టి ముందునుంచి గాడిద చేత లాగిస్తారు. వెనకాల ఏడుగురు ఆడవాళ్లు భుజాలు ఆనించుకుని వరసగా నడుస్తూ, అడుగుకొకసారి దాన్ని కాలితో తొక్కుతూ పోతారు. ఇంటినుంచి ఊట దాకా, ఊట నుంచి ఇంటి దాకా. మళ్లీ వేణ్ణీళ్లు, మళ్లీ తొక్కుడు. పొద్దు వాలేసరికి ఉన్ని ఉన్నిని పట్టుకుని గట్టి చాప అవుతుంది.

వరసలో నడుమ నిలబడ్డ మనిషి "హోప్!" అంటుంది. అనగానే ఏడు కుడికాళ్లు ఒక్కసారి పడాలి. ఒక్క కాలు ఆలస్యమైనా ఆ చోట చాప పలచనవుతుంది, మొదటి వానకే కారుతుంది. ఆ నడిమి చోటు సైరాకాన్‌ది. అంతకు ముందు ఆమె అత్తగారిది. మంచిపనికి కుడికాలే పడాలని అత్తగారు చెప్పింది. పందొమ్మిదేళ్లకు కోడలై వచ్చిన సైరాకాన్ ఎడమకాలు ఎత్తిన ప్రతిసారీ పిక్క మీద ఉన్ని బాదే కర్రతో ఒకటి తగిలించేది. పెళ్లయిన మొదటి ఏడాది చలికాలానికి ఎడమకాలు ఎత్తడం మానేసింది.

నడిమి చోటు ఆమెకు ఎలా వచ్చిందో కూడా చెప్పాలి. అత్తగారికి కంటి ఆపరేషన్ అయిన ఏడు ఒక్క కాలానికి ఆమె బదులు సైరాకాన్ నిలబడింది. మరుసటి ఏడు అత్తగారు జోళ్లు తొడుక్కుని వచ్చింది. సైరాకాన్ పక్కకు జరగలేదు. ముసలావిడ కాసేపు నిలబడి, పొయ్యి దగ్గరికి వెళ్లి వేణ్ణీళ్ల కెటిల్ అందుకుంది. చనిపోయేదాకా కెటిలే పట్టుకుంది.

కిందటేడు ఆగస్టు నడుమ, మూడో చాప తొక్కుతుండగా సైరాకాన్ కుడిపాదంలో నొప్పి పుట్టింది. అరికాలిలో కాదు, పైన. రెండో వేలికి వెనకాల, జోడు అంచు దగ్గర. మొదటి రోజు జోడు బిగుతనుకుంది. రెండో రోజు లోపల మేకేదో దిగిందని జోడు విప్పి దులిపింది. ఏమీ రాలేదు. మూడో రోజు పాదం పైభాగం పొంగిన రొట్టెలా ఉబ్బింది.

"ఏమే ముసలిదానా, కుంటుతున్నావు?" అన్నాడు మొగుడు ఒమురాలి. గాడిదను నడిపేది ఆయనే.

"నేనెక్కడ కుంటుతున్నా ముసలోడా? నీ గాడిద వంకరగా నడుస్తోంది."

"గాడిదకు నాలుగు కాళ్లూ బాగానే ఉన్నాయి. అదే అడిగింది నిన్ను చూసి."

సాయంత్రం ఎముకల ఇమానాలి దగ్గరికి తీసుకెళ్లాడు. ఇమానాలికి డెబ్బై ఏడేళ్లు. గుర్రం మీదనుంచి పడ్డవాళ్ల భుజాలూ, తొడలూ, పిల్లల మోచేతులూ ఆయన చేతిలో సర్దుకున్నవి ఈ లోయలో లెక్కలేనన్ని. పగిలిన పింగాణీ గిన్నెను సంచిలో వేసిస్తే, సంచిలో చేయిపెట్టి చూడకుండా ముక్కలు పేర్చి చూపించాడని చెబుతారు. ఆయన మాత్రం అదంతా పిల్లలకు చెప్పే కబురని కొట్టిపారేస్తాడు.

పాదాన్ని ఒళ్లో పెట్టుకుని చాలాసేపు తడిమాడు.

"లే. నిలబడు" అన్నాడు.

నిలబడింది.

"నడువు."

పళ్లు బిగించి గుమ్మందాకా నడిచింది.

"విరగలేదు. గొర్రె అయినా గుర్రమైనా, పాదం ఎముక విరిగితే కాలు నేల మీద మోపదు. నరం పట్టేసింది" అని తీర్పు చెప్పి, గొర్రెతోక కొవ్వు వెచ్చచేసి రాసి, అప్పుడే వలిచిన గొర్రెతోలు లోపలివైపు తగిలేలా చుట్టి కట్టాడు. "మూడు రోజులు ఉంచుకో, తల్లీ."

ఆయన అన్నది మా ఊళ్లో ఎవరైనా అనే మాటే. ఇక్కడ అయిదేళ్ల పిల్లకు కూడా గొర్రె ఎముకలన్నీ పేరుపేరునా తెలుసు. విందులో ఏ ఎముక ఎవరి పళ్లెంలో పడాలో తెలుసు. గొర్రె పాదంలో మడమకు ముందు ఒకే ఒక్క పొడుగు ఎముక. అది విరిగితే గొర్రె మూడుకాళ్ల మీద గెంతుతుంది. సైరాకాన్ గెంతడం లేదు. కాబట్టి విరగలేదు.

అయినా కూతురు ఫోనులో గోల చేసిందని బస్సెక్కి పట్నం వెళ్లి ఎక్స్‌రే తీయించుకుంది. ఫిల్ములో ఏమీ కనిపించలేదు. ఆ ఫిల్మును ఆమె ఊట దగ్గర మిగతా ఆరుగురికీ ఎండకెత్తి చూపించింది.

"చూశారా? నా కాలు. పెళ్లికూతురి కాలులా ఉంది."

"ఇంత వంకర బొటనవేలున్న పెళ్లికూతుర్ని ఎవడు చేసుకుంటాడు ఎజె?" అంది మరిపా. ఎజె అంటే మా మాటలో అక్క. మరిపా ఒమురాలి తమ్ముడి భార్య, సైరాకాన్‌కు తోడికోడలు. ఎనిమిదేళ్లు చిన్నది. వరసలో సైరాకాన్‌కు కుడిపక్క నిలబడుతుంది. అందుకే ఆ వంకరవేలిని ఊళ్లో అందరికన్నా ఎక్కువగా చూసింది ఆమే.

"నీ మొగుడి అన్న చేసుకున్నాడు కదే!"

అందరూ నవ్వారు. సైరాకాన్ వెళ్లి నడుమ నిలబడింది. "హోప్!" అంది. నాలుగో చాప తొక్కారు. అయిదోదీ తొక్కారు. అయిదో దానికి ఆమె గొంతు ముందు పడుతోంది, కాలు తర్వాత పడుతోంది. ఆ చాప నడుమ చెయ్యంత వెడల్పున పలచనైంది. వెలుతురుకు ఎత్తితే తెలుస్తుంది. అందరూ చూశారు, మడిచి పెట్టేశారు.

సెప్టెంబరు మొదట్లో మరిపా మనవడిని ఊయల తొట్లో వేసే వేడుక జరిగింది. ఊరి ఆరోగ్య కేంద్రంలో పనిచేసే నజిరాను కూడా పిలిచారు. నజిరా డాక్టరు కాదు. కానీ సూది వేసేదీ, కాన్పు చేసేదీ, ఎవర్ని పట్నం పంపాలో తేల్చేదీ ఆమే. పక్క ఊళ్లో గొర్రెలు కోసే కుటుంబంలో పుట్టింది, మాట కూడా కత్తిలాగే ఉంటుంది. ఆ రోజు ఎవరికో కట్టు మార్చి ఆలస్యంగా వచ్చింది. గుమ్మం దగ్గర జోళ్లు విప్పబోయి ఆగిపోయింది.

అక్కడ రబ్బరుజోళ్లు వరసగా ఉన్నాయి. నజిరా వంగి ఒకటి తిరగేసి చూసింది. ఇంకొకటి తిరగేసింది. ఒక్కొక్కటే చూసుకుంటూ ఆ చివరిదాకా వెళ్లింది. తర్వాత రెండు చేతుల్లో రెండు జోళ్లు పట్టుకుని లోపలికొచ్చి, నేల మీద పరిచిన భోజనాల గుడ్డ పక్కనే నిలబడింది.

"ఓసి పిచ్చిదానా, తినే చోటికి జోళ్లు తెస్తావా!" అని అరిచింది మరిపా.

"మరిపా ఎజె, ఇది నీదేనా?"

"నాదే. ఏం, నచ్చిందా?"

"కుడిది చూడు. ముందుభాగం అరిగి గుడ్డ కనిపిస్తోంది. ఎడమది కొన్నప్పటిలా ఉంది. గుమ్మం దగ్గర చాప తొక్కేవాళ్ల జోళ్లు ఏడు జతలున్నాయి, ఏడూ ఇంతే. అన్నీ రెండో వేలి కిందే అరిగాయి. మూడింటికి పక్కన చిల్లు కోసుంది. ఈ చిల్లు ఎవరిది?"

అందరూ సైరాకాన్ వైపు చూశారు. ఆమె కాళ్లు గౌను కిందికి లాక్కుంది.

"చూపించు ఎజె."

"తిననీ ముందు. ఫోటో తీశారు, ఏమీ లేదన్నారు."

"ఎప్పుడు తీశారు?"

"నొప్పి మొదలైన వారానికి."

"వారానికి నెర్రె కనిపించదు. వెంట్రుకంత సందు ఉంటుంది, ఫోటోకు అందదు. రెండు మూడు వారాలకు దాని చుట్టూ కొత్త ఎముక గడ్డకట్టి పోస్తుంది. అప్పుడు కనిపిస్తుంది."

పెద్దల వరసలో కూర్చున్న ఇమానాలి గడ్డం తుడుచుకున్నాడు. "అమ్మాయ్, నేను చూశాను. కాలు మోపుతోంది. విరిగితే మోపగలదా?"

నజిరా ఆయన పళ్లెంలోకి చూసింది. ముసలివాళ్లను ఆతా, అంటే తాతా అని పిలవడం మా అలవాటు. "ఆతా, గొర్రె పాదంలో పొడుగు ఎముకలెన్ని?"

"ఒకటి. దూడను అడిగినా చెబుతుంది."

"మనిషి పాదంలో అయిదు. వేలికొకటి. పాదం మీద చెయ్యి పెట్టుకో, పక్కపక్కన గుడారం కర్రల్లా తగులుతాయి. అయిదింట్లో ఒకటి నెర్రె ఇస్తే మిగతా నాలుగు మోస్తాయి. మనిషి నడుస్తుంది. ఇల్లూడుస్తుంది. ఉన్నిచాపలు కూడా తొక్కుతుంది, బుద్ధి లేకపోతే."

ఎవరో కిసుక్కున నవ్వారు. ఇమానాలి నవ్వలేదు, కోప్పడలేదు కూడా. తన సొంత పాదం మేజోడు మీదనుంచి తడుముకుంటూ కూర్చున్నాడు.

నజిరా మోకాళ్ల మీద కూర్చుని సైరాకాన్ పాదాన్ని బయటికి లాగింది. నొక్కుతూ అందరికీ చెప్పింది. అన్నిటికన్నా లావైంది బొటనవేలి ఎముక, బరువు మోయాల్సింది అదే. దాని తల కింద శనగగింజల్లాంటి రెండు చిన్న ఎముకలు వేరే ఉన్నాయి, బరువు వాటి మీద దొర్లుతుంది. ఇరుకు రబ్బరుజోడులో ముప్పై అయిదేళ్లు తొక్కేసరికి వేలు లోపలికి ఒరిగింది, ఎముక బయటికి తోసుకొచ్చింది. అదే ఈ బొడిపె. ఒరిగిన వేలు బరువు మోయదు. ఆ బరువు పక్కదాని మీద పడింది. పక్కది పొడుగైంది, సన్ననిది, మొదలు దగ్గర గట్టిగా బిగుసుకుని ఉంటుంది, కదిలి తప్పించుకోలేదు. అందుకే దాని తల కింద అరికాలిలో ఆనెకాయ కట్టింది. అందుకే రెండో వేలు కొక్కెంలా వంగింది.

"ఒకే కాలితో, ఒకే చోట, రోజుకు ఎన్ని వేలసార్లు తొక్కుతున్నావు ఎజె? ఇనుప కడ్డీ అయినా నెర్రె ఇస్తుంది. ఆరు వారాలు ఆ కాలికి విశ్రాంతి కావాలి."

"ఆరు వారాలా!" అంది సైరాకాన్. "పెద్ద చాప ఉంది ముందు. పైకప్పుది."

"మేం తొక్కుతాంలే ఎజె" అంది మరిపా. "నడుమ నేను నిలబడతా."

సైరాకాన్ తోడికోడలి ముఖంలోకి చూసింది. అందులో కపటం ఏమీ లేదు. కపటం లేకపోవడం చూసే ఆమెకు భయం వేసింది. తానూ ఆ ఏడు అత్తగారితో సరిగ్గా అదే గొంతుతో అంది, "నేను నిలబడతాలే అత్తమ్మా" అని.

"నా కాలు నాకు తెలుసు" అని జోడు తొడుక్కుని ఇంటికి వెళ్లిపోయింది. తొట్టి వేడుక కూడా సగంలోనే వదిలేసింది.

మర్నాడు పొద్దున్నే ఇమానాలి సైరాకాన్ ఇంటి గుమ్మంలో ఉన్నాడు. పిలవకుండా వైద్యానికి ఎవరింటికీ వెళ్లని మనిషి. టీ కూడా వద్దన్నాడు.

"కాలు ఇవ్వు తల్లీ."

కళ్లు మూసుకున్నాడు. ఈసారి పాదం మొత్తం తడమలేదు. చూపుడువేలు ఒక్కటే రెండో ఎముక మీద, వేలి వైపునుంచి వెనక్కి, మెల్లగా నడిపించాడు. ఒకచోట ఆగింది. సైరాకాన్ ఊపిరి బిగబట్టింది.

"ఇదిగో. గోధుమగింజంత బుడిపె. ఆరోజు ఇది లేదు." కళ్లు తెరిచాడు. "ఆ పిల్ల చెప్పింది నిజమే. నేను పుల్ల విరిగినట్టు విరిగిందేమోనని వెతికాను. ఇది గిన్నె నెర్రె ఇచ్చినట్టు ఇచ్చింది. తొక్కావంటే గిన్నె రెండవుతుంది. అప్పుడు నా చెయ్యీ పనికిరాదు, దాని సూదీ పనికిరాదు. నీళ్ల బిందె కూడా మోయలేవు."

"ఆతా, ఆరు వారాలు కూర్చుంటే నా చోటు పోతుంది."

"పోతుంది" అన్నాడు ఇమానాలి.

ఒమురాలి ఏదో హాస్యమాడబోయి మానేశాడు.

రెండో ఎక్స్‌రేలో ఆ బుడిపె తెల్లటి మబ్బులా పడింది. నజిరా చెప్పినట్టు ఒమురాలి తన పెద్ద బూటు ఇచ్చాడు, అందులో పాదం వంగకుండా పలచటి చెక్క చెక్కి పెట్టాడు. చెక్క మీద వేసుకోవడానికి సైరాకాన్ తను తొక్కిన చాపలోంచే పాదం ఆకారంలో ముక్క కోసింది. వేళ్ల మొదళ్లకు కాస్త వెనకాల రెండు పొరలు దిండులా కుట్టింది, నొప్పి ఉన్న ఎముక తల దగ్గర గుంట తీసింది. నజిరా ఆ ముక్కను అటూ ఇటూ తిప్పి చూసింది.

"పట్నంలో ఇలాంటిది కొనుక్కోవాలి ఎజె. ఎక్కడ చూశావు?"

"ఎక్కడా చూడలేదు. గుర్రానికి జీను కింద పుండు పడితే ఇలాగే కోస్తాం."

పెద్ద చాప తొక్కిన రోజు ఆమె గోడ పక్కన ఉన్నిమూట మీద కూర్చుంది. నడుమ మరిపా. "హోప్!" అంటే ఏడో కాలు లేక చుట్ట ఒకవైపు లాగుతోంది. మధ్యాహ్నం ఒక కోడలు కెటిల్ తెచ్చి సైరాకాన్ పక్కన పెట్టింది, ఊరికే ఖాళీగా ఉన్నావు కదా అన్నట్టు. సైరాకాన్ దాన్ని ముట్టుకోలేదు.

నాలుగోసారి చుట్ట ఊట వైపు వెళ్తుంటే ఆమె ఒక సంగతి గమనించింది. మరిపా అడుగు వేసే ముందు కుడి బొటనవేలిని రవ్వంత పైకెత్తుతోంది, నేల తగలకుండా. తనూ అలాగే ఎత్తేది, పదేళ్ల కిందట. అప్పట్లో అది నొప్పి అని కూడా తెలియదు, అలవాటనుకుంది.

నజిరా అప్పటికి రెండుసార్లు ఊట దగ్గరికొచ్చి కాళ్లు మార్చి తొక్కమని చెప్పి చూసింది. ఎవరూ వినలేదు. కుడికాలు అన్నది చనిపోయిన అత్తగారి మాట. దాన్ని కాదనగల మనిషి ఊళ్లో ఒక్కతే, ఆ మాటకోసం కర్రదెబ్బలు తిన్న మనిషి. కానీ ఆ మాట తప్పంటే, ఇన్నేళ్లూ తాను ఆరుగురి చేత తొక్కించిందీ తప్పే. ఎక్కువ తొక్కించింది మరిపా చేతే.

చుట్ట ఊట దగ్గర తిరిగింది. సైరాకాన్ లేచింది.

"ఏయ్ మరిపా! వచ్చేటప్పుడు ఎడమకాలితో తొక్కండి!"

వరస ఆగిపోయింది. గాడిద కూడా ఆగింది.

"ఏమన్నావు ఎజె?"

"ఎడమకాలు. చెవుడా? పోయేటప్పుడు కుడి, వచ్చేటప్పుడు ఎడమ."

"అత్తగారు వింటే సమాధిలోంచి లేచొస్తుంది!"

"రానీ. నా కాలు చూపిస్తా. నీదీ చూపిస్తా. బొటనవేలు ఎందుకెత్తుతున్నావో ఆవిడకు నువ్వే చెప్పు."

మరిపా కిందికి, తన కాలి వైపు చూసుకుంది. తర్వాత "హోప్" అని ఎడమకాలు ఎత్తింది. మిగతా అయిదుగురూ తలో దారీ అయ్యారు. ఒకామె పక్కదాని పాదం తొక్కింది, ఇంకొకామె పూర్తిగా చుట్ట మీదే కూలబడింది. నవ్వలేక అందరికీ కడుపునొప్పి వచ్చింది. ఆ పెద్ద చాప ఒక అంచున మందంగానూ ఇంకో అంచున పలచగానూ తయారైంది. ఆ పైకప్పు ఇప్పటికీ గాలివాటు చూసి తిప్పి కట్టుకోవాలి.

ఆ ఆరు వారాలూ సైరాకాన్ ఉన్నిమూట మీద కూర్చుని, మరిపా గొంతుకు తగ్గట్టు ఎడమకాలు నేలకు తాటిస్తూ గడిపింది. ఎవరూ చూడలేదనుకుంది. ఒమురాలి చూశాడు. "నువ్వు కూర్చునే ఊట దాకా వెళ్లొస్తున్నావే ముసలిదానా" అన్నాడు.

మంచు ఆ ఏడు ఆలస్యంగా పడింది. అక్టోబరు ఆఖరున చివరి చాపకు నజిరా సరేనంది. బొటనవేలి బొడిపె మాత్రం పోదని, అది పోవాలంటే ఎముక కోయాలని కూడా చెప్పింది. సైరాకాన్ ఒక సైజు పెద్ద జోళ్లు కొంది, మొదటి రోజే కుడిదానికి చిల్లు కోసుకుంది, లోపల తన ఉన్నిముక్క వేసుకుంది.

ఊట దగ్గర చుట్ట సిద్ధంగా ఉంది. నడుమ మరిపా నిలబడి ఉంది. సైరాకాన్‌ను చూసి భుజం కదిపింది. జరగబోయిందో, చలికి వణికిందో చెప్పలేం. సైరాకాన్ ఆగలేదు. వరస వెనకనుంచి నడిచి, ఎడమ చివర ఖాళీగా ఉన్న చోటుకు వెళ్లి నిలబడింది. అక్కడ చుట్ట సన్నం, బరువు తక్కువ.

"ఎజె, అక్కడా?"

"ఇక్కడే. హోప్ అను ఇక, కాళ్లు చల్లబడుతున్నాయి."

వెళ్లేటప్పుడు మరిపా గొంతుకు ఏడు కుడికాళ్లు పడ్డాయి. తిరిగేటప్పుడు మరిపా "హోప్" అంది, తన కాలే తడబడింది. ఎడమకాలి తాళం ఇంకా ఆమెకు పట్టుబడలేదు. ఇంకోసారి అంది, ఇంకోసారి తడబడింది. మూడోసారి నోరు తెరవలేదు, ఎడమ చివరకు చూసింది.

"హోప్!" అంది సైరాకాన్.

ఒమురాలి గాడిదను అదిలించాడు.